జానెడు దూరంలో చంద్రుడు

నేను ఒక టెలిస్కోపును. ఆకాశాన్ని చూపించడానికి పుట్టి, బతుకులో ఎక్కువ భాగం ఒక స్కూలు రిసెప్షన్ గోడను చూస్తూ గడిపాను. కాబట్టి నా మాటల్లో తీపి వెతక్కండి. నాకు కోపంగా ఉంది, కోపంతోనే చెబుతాను.

నన్ను ఏ కంపెనీ తయారు చేయలేదు. కాకినాడలో ఆడపిల్లల కాలేజీలో ఫిజిక్స్ చెప్పే పేరిందేవి మేడం, ఆవిడ శిష్యురాళ్లు కలిసి చేశారు. గుండ్రటి గాజు బిళ్లలు రెండు ఒకదానిమీద ఒకటి పెట్టి, మధ్యలో గరుకు పొడి, నీళ్లు వేసి, వేసవి సెలవులంతా కాలేజీ వరండాలో రుద్దారు. రుద్దగా రుద్దగా పై బిళ్లకు లోతు తక్కువ గుంట పడింది. ఆ గుంటే నా అద్దం. ఆ పిల్లల అరచేతులు బొబ్బలెక్కాయి. "విసుగొస్తే లేచి వెళ్లండే, నేను రుద్దుకుంటా" అనేది మేడం. ఒక్కతీ లేవలేదు. ఎండలో ఎందుకు కూర్చున్నారో ఇంట్లోవాళ్లకు అర్థం కాలేదు. వాళ్లకు మాత్రం తమ చేత్తో చేసిన గాజులోంచి శనిగ్రహం ఎలా కనిపిస్తుందో చూడాలని ఉంది. అంతే. దానికి ఎవరూ మార్కులు వేయలేదు.

ఆ తర్వాత మేడం నన్ను రిక్షాలో వేసుకుని సాయంత్రాలు వీధి మలుపుల్లోకి తీసుకెళ్లేది. దారిన పోయేవాళ్లను పిలిచి చూపించేది. మొక్కజొన్న పొత్తులు కాల్చే ఒకావిడ శని వలయం చూసి నమ్మలేదు. "లోపల బొమ్మ అంటించారేటండీ?" అని నా గొట్టం మూతిలో తల పెట్టి వెతికింది. మేడం కోప్పడలేదు. "బాగా అడిగావమ్మా" అని నన్ను కొంచెం పక్కకు జరిపి, మళ్లీ చూడమంది. శని లేడు. మళ్లీ సరిచేసింది, వచ్చాడు. ఆవిడ పొత్తులు మాడిపోయేదాకా చూస్తూనే ఉంది.

మేడం పోయాక ఆవిడ తమ్ముడికి నన్నేం చేయాలో తోచలేదు. పిల్లలకు పనికొస్తుందని ఊళ్లో పేరున్న ఒక ప్రైవేటు స్కూలుకు ఇచ్చేశాడు. మంచి మనసుతోనే ఇచ్చాడు, ఆయన మీద నాకు కోపం లేదు. ఆ స్కూలు పేరు చెప్పను. అలాంటిది మీ వీధి చివర కూడా ఒకటి ఉండే ఉంటుంది.

వాళ్లు ముందుగా నాకు స్కూలు రంగులు పూశారు. గొట్టం మీద ముద్ర అంటించారు. కన్ను పెట్టి చూసే చిన్న కటకాన్ని, ఐపీస్ అంటారే, దాన్ని ఎవరైనా ఎత్తుకుపోతారని ఊడదీసి రిసెప్షన్ సొరుగులో పెట్టి తాళం వేశారు. నా పక్కన 'ముట్టుకోరాదు' అని బోర్డు పెట్టారు. బయట ఫ్లెక్సీ మీద నా ఫొటో వేసి, కింద 'అంతరిక్ష ప్రయోగశాల' అని రాయించారు. అడ్మిషన్ల రోజుల్లో తల్లిదండ్రులు నన్ను చూసి ముచ్చటపడి లోపలికి వెళ్లేవారు. కన్ను పీకేసిన నన్ను చూపించి పిల్లల్ని చేర్చుకున్నారండీ! ఎన్నేళ్లు గడిచినా ఒక్క పిల్ల కూడా నాలోంచి చూడలేదు.

అప్పుడు వచ్చింది నూకరత్నం. తొమ్మిదో తరగతి. ఉప్పాడలో సముద్రం మీద చేపల వేటకెళ్లే పోలారావు కూతురు. ఒకరోజు టీ విరామంలో ఆయాసపడుతూ రిసెప్షన్‌కు వచ్చి, అక్కడ కూర్చునే కెజియాను అడిగింది.

"మేడం, ఇది పనిచేస్తాదాండీ?"

"ఏమో తల్లీ. నేను చేరిన కాణ్ణుంచీ ఎవరూ చూళ్లేదు."

"ఒక్కసారి చంద్రుణ్ణి చూడాలండి."

కెజియా నవ్వింది. "నాలుగ్గంటలకి చంద్రుడేంటే?"

నూకరత్నం ఆమె చెయ్యి పట్టుకుని పోర్టికోలోకి లాక్కెళ్లింది. తూర్పు వైపు, కొబ్బరిచెట్ల పైన, పటిక ముక్కలా సగం చంద్రుడు. భవనం వెనక పడమటి దిక్కున సూర్యుడు ఇంకా దిగలేదు.

"పరీక్షలో అడిగారండి, చంద్రుడు సగం ఎందుకు కనపడతాడని. భూమి నీడ పడతాదని మెటీరియల్లో ఉంది. కానీ సూడండి, సూర్యుడు అటున్నాడు, చంద్రుడు ఇటున్నాడు. ఇద్దరూ పైనే ఉన్నారు. ఇంక భూమి నీడ అక్కడికెలా పోద్దండీ? నేను భూమి నీడ కాదని రాస్తే తప్పు పెట్టేశారు."

కెజియా అటు చూసింది, ఇటు చూసింది. ఆమె డిగ్రీ చదివింది. ఇన్నేళ్లుగా పగటి చంద్రుణ్ణి చూస్తూనే ఉంది. ఈ మాట తనకెప్పుడూ తట్టలేదు. లోపలికొచ్చి, సొరుగు తాళం తీసి, ఐపీస్ చేతిలోకి తీసుకుంది.

ఇద్దరూ కలిసి నన్ను పోర్టికోలోకి మోశారు. ఎలా తిప్పాలో వాళ్లకు తెలియదు. తంటాలు పడ్డారు, కొబ్బరాకులు కనపడ్డాయి, కరెంటు తీగ కనపడింది. చివరికి ఆ పిల్ల కేక పెట్టింది.

"గుంటలండీ! అన్నీ గుంటలే! గుంటల్లో నీడలున్నాయండీ!"

"ఏదీ, నన్ను చూడనీ."

"భూమి నీడ కాదు మేడం. ఎండ ఒక పక్కనుంచే పడతాంది. రెండో పక్క దాని చీకటే."

ఎన్నో ఏళ్ల తర్వాత నా అద్దంలోకి వెలుగొచ్చింది. దాన్ని ఒక కంటికి అందించాను. ఆ సంతోషం ఎలాంటిదో మీకు చెప్పలేను. వెనక పిల్లలు పోగయ్యారు. బిస్కెట్లు చేతుల్లోనే ఉండిపోయాయి. తోసుకుంటున్నారు, కేకలేస్తున్నారు. "నీడ కాదంటే మరి గ్రహణం ఏంటి?" అని ఒకడు నూకరత్నాన్ని నిలదీశాడు. ఆమె తడబడింది, ఆలోచించింది, బిస్కెట్ పట్టుకున్న చేతిని అటూ ఇటూ తిప్పి చూపించబోయింది. ఆ స్కూల్లో ఆ రోజు చదువు జరిగింది ఆ పోర్టికోలోనే.

అప్పుడే డీన్ శేషగిరిరావు వచ్చాడు. ఆ మెటీరియల్ రాసింది ఆయనే. విజిల్ వేశాడు. పిల్లలు చెదిరిపోయారు. నూకరత్నం మాత్రం కదల్లేదు.

"సర్, మీరొక్కసారి చూడండి సర్."

బతిమాలినట్టే అడిగింది. ఆ గొంతులో ఎగతాళి లేదు, ఎదిరింపు లేదు. తనకు కనపడిన మంచి వస్తువును సారుకు కూడా చూపించాలన్న ఆత్రం ఉంది, అంతే.

ఆయన నా దగ్గరికి వచ్చాడు. ఆయన కంటికీ, నా ఐపీస్‌కూ మధ్య జానెడు దూరం. తల వంచితే చాలు. నేను చంద్రుణ్ణి గట్టిగా పట్టుకుని ఉన్నాను. రా, చూడు, ఒక్కసారి చూడు అని నా గొట్టమంతా గోల పెట్టింది. ఆయన చూడలేదు. చేత్తో ఐపీస్ ఊడబెరికి జేబులో వేసుకున్నాడు.

తెలియకపోవడం నేరం కాదు. పొత్తులు కాల్చే ఆవిడకూ తెలియదు, అయినా నా మూతిలో తల పెట్టి వెతికింది. శేషగిరిరావుకు చూస్తే ఏం కనపడుతుందో లోలోపల తెలుసు. అందుకే చూడలేదు. నా కోపమంతా ఆ జానెడు దూరం మీద.

మర్నాడు పోలారావును పిలిపించారు. వేట మానుకుని, తెల్లచొక్కా వేసుకుని వచ్చాడు. నన్ను అప్పటికే రిసెప్షన్‌లోకి లాగేశారు కాబట్టి అంతా నా ముందే జరిగింది.

"మీ అమ్మాయి పిల్లల్ని పాడు చేస్తోంది" అన్నాడు డీన్. "క్లాసులో నిలబడి, భూమి నీడ వల్లే చంద్రుడు తరుగుతాడు, పరీక్షలో తను రాసింది తప్పు అని చెప్పాలి. లేదంటే టీసీ తీసుకెళ్లండి."

పోలారావు కూతురి వైపు తిరిగాడు. "ఏం చేసేవే?"

"చూశాను నాన్నా. చూసింది చెప్పాను."

"సారూ చూశారా?"

"చూడమన్నాను. చూళ్లేదు."

పోలారావు డీన్ వైపు తిరిగాడు. ఈ స్కూల్లో సీటు కోసం ఆయన ఎంత తిరిగాడో కెజియాకు తెలుసు. ఆమె తల దించుకుంది.

"అయ్యా, నాకు చదువు రాదు" అన్నాడు పోలారావు. "దీంట్లో ఎవరిది ఒప్పో నాకు తెల్దు. కానీ పిల్ల కళ్లారా సూసిందాన్ని సూళ్లేదని సెప్పమంటారేటండీ? అది నేర్పడానికి ఇస్కూలెందుకండీ?"

టీసీ తీసుకున్నాడు. మెట్లు దిగుతుంటే నూకరత్నం ఏడుస్తోంది. తప్పు చేశానేమోనన్న ఏడుపు అది. ఆ ఏడుపును నేను మరచిపోలేను. పద్నాలుగేళ్ల పిల్ల ఒక మంచి ప్రశ్న అడిగి, తండ్రికి నష్టం తెచ్చానని కుమిలిపోతూ వెళ్లింది. ఇది చేసినవాళ్లు ప్రతి ఏడూ సైన్స్ డే నాడు మైకు పట్టుకుని పిల్లల్లో జిజ్ఞాస పెంచాలని ఉపన్యాసాలిస్తారు.

ఆమె ఇప్పుడు ప్రభుత్వ బడిలో చదువుతోంది. కెజియాకు ఒకసారి బస్సులో కనపడిందట. చంద్రుడు రోజుకోసారే తలమీదికొస్తుంటే సముద్రానికి పోటు రెండుసార్లు ఎందుకొస్తుందని అక్కడి టీచరమ్మను అడిగిందట. "నాకూ సరిగ్గా తెలీదు, ఇద్దరం కలిసి కనుక్కుందాం పద" అందట ఆవిడ. కెజియా ఈ సంగతి ఫోనులో ఎవరికో చెబుతుంటే విన్నాను. చెప్పినంతసేపూ నవ్వుతూనే ఉంది, చివర్లో ముక్కు తుడుచుకుంది.

నన్ను మెట్ల మలుపులో ఒక మూలకు నెట్టేశారు. నా అద్దం మీద బూజు పట్టింది. పిల్లలు బయటికి చూస్తున్నారని తూర్పు కిటికీలన్నిటికీ వినైల్ షీట్లు అంటించారు. వాటి నిండా ర్యాంకులు వచ్చిన పిల్లల నవ్వు మొహాలు. పరీక్షలో ఆ ప్రశ్నకు జవాబు ఇప్పటికీ భూమి నీడే.

కానీ ఈమధ్య పొద్దున్నే నా మీద సన్నటి వెలుగు చుక్కలు పడుతున్నాయి. ఎవరో కంపాసు మొనతో ఆ ర్యాంకర్ల కళ్లకు చిల్లులు పొడిచారు. సాయంత్రాలు పిల్లలు మెట్లెక్కుతూ ఆగి, ఆ చిల్లులకు కళ్లు ఆనించి తూర్పుకు చూసి పోతున్నారు. డీన్ మందమైన వినైల్ తెప్పించాడు. దానికీ చిల్లులు పడ్డాయి.