ఆషాఢంలో టూరు బస్సు

పెళ్ళయిన నలభై రోజులకు ఆషాఢం వచ్చింది. మల్లికార్జున్ నన్ను హనుమకొండ సుబేదారిలో మా అమ్మగారింట్లో దింపి వరంగల్‌కు వెళ్ళిపోయాడు. మధ్య దూరం బస్సులో ఇరవై నిమిషాలు. ఆ నెలంతా కొత్త దంపతులు కలుసుకోకూడదు. అత్తా కోడలూ ఒకే గడప దాటకూడదు. ఎం.ఏ. చదివినదాన్ని కనుక మొదటి వారం ఈ ఆచారాన్ని తలచుకుని నవ్వాను. రెండో వారం నవ్వు రాలేదు. మూడో వారం టికెట్టు కొన్నాను.

మల్లికార్జున్ ఒక ప్రైవేటు ట్రావెల్స్‌లో గైడు. వారమంతా ఆఫీసులో ఉంటాడు, ఆదివారం టూరు బస్సులో తిరుగుతాడు. పొద్దున ఏడింటి నుంచి చీకటి పడేదాకా వేయిస్తంభాల గుడి, భద్రకాళి, రామప్ప, లక్నవరం చెరువు, చివర కోట. బస్సులో అయితే కలిసినట్టు కాదు, ప్రయాణం చేసినట్టు. ఇలా నాకు నేనే తీర్పు చెప్పుకుని, నా స్నేహితురాలు పద్మ చేత ఆమె పేరు మీదే సీటు రాయించాను.

ఆత్రానికి ఇంకో కారణమూ ఉంది. మా మామ యాదగిరి గారికి బట్టల బజారులో చీరల దుకాణం. కొడుకును అందులో కూర్చోబెట్టి మూడుసార్లు చూశారట. వచ్చినవాళ్ళతో ఒక్క మాట మాట్లాడడు, అడిగిన చీర తీసి ముందు పెట్టి కిటికీలోంచి బయటికి చూస్తాడు. వాడి నోట్లో మాట లేదని మామ తేల్చేశారు. శ్రావణం మొదటి శుక్రవారం నాటికి ఈ బస్సుల పని మాని దుకాణంలో కూర్చోవాల్సిందే, మాటలు అవే వస్తాయి అని గడువు పెట్టారు. తండ్రి ఎదుట మల్లికార్జున్‌కు నిజంగానే నోరు లేవదు. కానీ పెళ్ళయిన కొత్తలో రోజూ తెల్లవారుజామున డాబా మీద, నన్నొక్కదాన్ని ముందు కూర్చోబెట్టి, టూరు మొత్తం చెప్పేవాడు. నలభై రోజుల్లో నాకది కంఠతా వచ్చింది. ఆ గొంతు బస్సులో ఎలా ఉంటుందో వినాలని ఉండేది. శ్రావణం వస్తే ఇక వినలేను.

ఆదివారం నాలుగింటికే లేచి తలస్నానం చేశాను. అరచేతుల్లో ముందురోజు పెట్టుకున్న గోరింటాకు బాగా పండింది. సన్నగా వాన. ఏడింటికి రావలసిన బస్సు హనుమకొండ చౌరస్తాకు ఎనిమిదికి వచ్చింది. అప్పటికే కాళ్ళు లాగుతున్నాయి. వెనక తలుపులోంచి ఎక్కి, చక్రం మీది సీట్లో కూర్చుని, కొంగు ముఖం మీదికి లాక్కున్నాను.

ముందు నిలబడి జాబితా చదువుతున్న మల్లికార్జున్ పద్మ గారు అని పిలిచాడు. చెయ్యి ఎత్తాను. అతను తల ఎత్తి చూశాడు. రెండు చెవులూ ఎర్రబడ్డాయి. ఆ ఎరుపు కోసం ఇంకో గంట వానలో నిలబడమన్నా నిలబడేదాన్ని.

అదే సమయంలో రెండో వరుసలోంచి ఇంకో తల వెనక్కి తిరిగింది. వరంగల్ స్టేషన్ దగ్గరే ఎక్కి కూర్చున్న మా అత్త భద్రమ్మ. గోరింటాకు చేతిని చూసింది, కొంగును చూసింది. లేచి, కడ్డీలు పట్టుకుంటూ నడిచి వచ్చి నా పక్కన నిలబడింది.

“నీకు పద్మ అని పేరెప్పుడు పెట్టిన్రు బిడ్డా?”

కొంగు ముఖం మీంచి తీసేశాను. ఆమె నిట్టూర్చి నా పక్క సీట్లో కూలబడింది. తిడుతుందనుకున్నాను. తిట్టలేదు. ముందు సీట్లవాళ్ళకు వినపడకుండా తన సంగతి చెప్పింది. మామకు చెప్పకుండా, చెల్లెలింటికని చెప్పి వచ్చిందట. కొడుకు ఏం పని చేస్తున్నాడో ఆమె ఎన్నడూ చూడలేదు. తన కళ్ళతో చూసి, పనికొచ్చే పని అనిపిస్తే మామతో కొట్లాడుతుంది. అనిపించకపోతే తనే చెయ్యి పట్టుకుని దుకాణానికి తీసుకుపోతుంది.

“బస్సుకు గడప లేదు, మెట్లే. దీంట్ల కూసున్నందుకు తప్పు లేదు,” అంది చివరికి. “గుళ్ళకు మాత్రం గడపలుంటయ్. నువ్వు దిగితె నేను దిగ. నేను దిగితె నువ్వు దిగద్దు.”

“మీరే దిగండి అత్తమ్మా. అన్ని చోట్ల మీరే,” అన్నాను. ఆ మాట ఎంత ఖరీదో అప్పుడు నాకు తెలియదు.

వేయిస్తంభాల గుడి దగ్గర అందరూ దిగారు. నేను కిటికీ అద్దం మీది ఆవిరి తుడిచి చూశాను. గొడుగు కింద మల్లికార్జున్ చెయ్యి పైకీ కిందికీ ఆడుతోంది. మాట వినపడదు. ఇరవైమంది చుట్టూ నిలబడ్డారు, అందరికంటే వెనక మా అత్త. అందరూ లోపలికి వెళ్ళారు. కాసేపటికి ఫొటోలకని కొందరు, చాయ్‌కని కొందరు బయటికి వచ్చేశారు. అత్తా మల్లికార్జునూ చాలాసేపటికి గాని రాలేదు. ఆమె ముఖంలో ఏమీ తెలియలేదు. మోకాళ్ళు పట్టుకుని ఎక్కి కూర్చుంది. భద్రకాళి దగ్గరా అంతే.

ములుగు దారిలో బస్సు ప్రతి గుంతనూ పలకరించింది. మైకు పనిచేయడం లేదు. మల్లికార్జున్ డ్రైవరు పక్కన కడ్డీ పట్టుకుని నిలబడి, ఇంజను మోత మీంచి కాకతీయుల చెరువుల గురించి చెప్పాడు. టిఫిను ఎక్కడని ఒకాయన రెండుసార్లు అడిగాడు. ఎదుటి కుటుంబం మొత్తం నోళ్ళు తెరుచుకుని నిద్రపోయింది. నేను మాత్రం తర్వాతి వాక్యం అతనికంటే ముందే పెదాలతో అనుకుంటూ కూర్చున్నాను. ఒకసారి అతను అది చూసి నవ్వు ఆపుకోలేక దగ్గాడు. నా పక్కన అత్త ముఖం కిటికీ వైపే ఉంది.

రామప్ప అన్నిటికంటే కష్టమైంది. ఎత్తు మడమల చెప్పులు తొడుక్కున్న రాతి అమ్మాయిని చూపిస్తానని పెళ్ళయిన రెండో రోజే మాట ఇచ్చాడు. ఈసారి నువ్వు దిగు అని అత్త అంది. నాకు ఏడుపు వచ్చినంత పనైంది. అయినా ఆమె చూడవలసింది ఇంకా మిగిలి ఉంది. నేను చూడవలసింది రాయి, ఎక్కడికీ పోదు. మీరే వెళ్ళండి అన్నాను. ఆమె నన్ను కొంచెం ఎక్కువసేపు చూసి దిగింది.

ఖాళీ బస్సు ఉక్కగా ఉంది. నడుము మొద్దుబారింది. డ్రైవరు ఎల్లస్వామి, మా నాన్న వయసువాడు, కాల్చిన మక్కకంకి ఒకటి కిటికీలోంచి అందించాడు. దాని మీద ఉప్పూ కారం, నిమ్మకాయ రసం. పొద్దుటి నుంచి తిన్నవాటిలో అదే రుచి. ఎల్లస్వామి నా గోరింటాకు చూసి విషయం ఎప్పుడో కనిపెట్టాడు.

“మీ ఆయనకు జర చెప్పమ్మా,” అన్నాడు. “ఎవ్వరు వినకున్న పొల్లు పోకుంట చెప్తాండు. గొంతు పోగొట్టుకుంటాండు.”

భోజనాలయ్యాక తెలిసింది, వానకు లక్నవరం దారి చెడిపోయిందని. ప్రయాణికులు గొడవకు దిగారు. చెరువు చూపిస్తామని టికెట్టు అమ్మి మోసం చేశారన్నారు. టిఫిను అడిగినాయన ఇప్పుడు అందరికంటే గట్టిగా అరిచాడు. మల్లికార్జున్ ఒక్కొక్కరి దగ్గరికీ వెళ్ళి చేతులు జోడించి నచ్చజెప్పాడు. అరగంట పట్టింది. అత్త కళ్ళు ఆర్పకుండా చూసింది. నేను ఆమెను చూడడానికి భయపడ్డాను. నా కొడుకు చదివిన చదువు పరాయివాళ్ళ ముందు చేతులు జోడించడానికా అని ఏ తల్లయినా అనుకుంటుంది.

కోట చేరేసరికి ఆరు కావస్తోంది. బస్సు ఆగినా ఎవరూ లేవలేదు. కాజీపేటలో రైలు ఉందని కొందరు, పొద్దుటి నుంచీ రాళ్ళే కదా చూశామని కొందరు. మల్లికార్జున్ మెట్టు మీద నిలబడి ఏదో చెప్పబోయాడు. గాలి తప్ప ఏమీ రాలేదు. ఇంకోసారి ప్రయత్నించాడు. గొంతు పూర్తిగా పోయింది. బండి తిప్పమని వెనకనుంచి ఎవరో అన్నారు.

మా అత్త లేచింది.

“నేను టికెట్టు కొన్న. కోట కూడ అండ్లనే ఉన్నది. నాకు చూపెట్టాలె.”

సణుగుడు మొదలైంది. ఎల్లస్వామి ఇంజను ఆపేశాడు. బండి వేడెక్కింది, పది నిమిషాలు చల్లారనియ్యాలి అన్నాడు. వానలో తడుస్తున్న బండి ఎంత వేడెక్కి ఉంటుందో ఎవరూ అడగలేదు.

తల్లీ కొడుకూ మెల్లగా నడిచారు. ఆమె కుంటుతోంది, అతని భుజాలు వంగిపోయాయి. రాతి తోరణం కింద ఆగారు. చుట్టూ గోడ లేదు. మైదానంలో ఆ ద్వారం ఒక్కటే నిలబడి ఉంది. మల్లికార్జున్ పైన చెక్కిన హంసలను చూపించాడు, నోరు కదిపాడు, చేతులతో ఏదో గీశాడు. ఆమెకు అర్థం కాలేదని ఇక్కడి నుంచే తెలుస్తోంది. ఉన్నట్టుండి ఆమె నేలను చూడడం మొదలుపెట్టింది. ఈ స్తంభం మొదలు నుంచి ఆ స్తంభం మొదలు దాకా కాలితో గడ్డిని తోస్తూ నడిచింది. తోరణం దాటి అవతలికి వెళ్ళింది, ఇవతలికి వచ్చింది. తర్వాత నా వైపు తిరిగి చెయ్యి ఊపింది.

“అరుణా, గీడ గడప లేదు. రా.”

నేను దిగాను. కాళ్ళు తిమ్మిరెక్కి మొదటి నాలుగడుగులు ఎలా వేశానో తెలియదు. బురదలో చెప్పు ఇరుక్కుంటే చేతిలో పట్టుకుని నడిచాను.

“వీని గొంతు పోయింది. నీకేమన్న ఎర్కనా?” అని అడిగింది అత్త.

చెప్పాను. డాబా మీద విన్నది విన్నట్టు. నాలుగు దిక్కులా నాలుగు తోరణాలని, మధ్యలో ఒకప్పుడు శివుని గుడి ఉండేదని, గుడి కూలినా తోరణాలు నిలిచాయని. ఒకచోట వరుస తప్పాను. మల్లికార్జున్ నా మోచేతి మీద వేలితో తట్టి తల అడ్డంగా ఊపాడు. ఇరవై ఒక్క రోజుల తర్వాత తగిలిన వేలు. తర్వాత కావాలనే ఇంకో రెండు తప్పులు చేశాను.

“తలుపులు ఎటుపోయినయ్?” అని అడిగింది అత్త. ఆ రోజు మొత్తం మీద టిఫిను గురించి కాకుండా ఆ రాళ్ళ గురించి ఎవరైనా అడిగిన ప్రశ్న నేను విన్నది అదొక్కటే.

“తలుపులు మొదటి నుంచీ లేవు అత్తమ్మా.”

ఆమె చాలాసేపు పైకి చూసింది. తర్వాత అక్కడే ఒక రాయి మీద కూర్చుని మోకాళ్ళు ఒత్తుకుంది. మల్లికార్జున్ ఆమె ముందు గొంతుక్కూర్చున్నాడు. అతను ఆమె మాట కోసం ఎదురుచూస్తున్నాడు, నేనూ చూస్తున్నాను.

“పొద్దుగాల గుళ్ళె అందరు ఎల్లిపోయిన్రు. నేను స్తంభం ఎనక నిలవడ్డ,” అంది, కొడుకుతో కాదు, నాతో. “వీడు నన్ను చూడలె. ఒక్కడే నిలవడి మొత్తం చెప్పిండు. గోడకు చెప్పిండు.”

మల్లికార్జున్ తల దించుకున్నాడు.

“మీ మామ నూరు చీరలు పరుస్తడు. కొనకుంట లేచిపోతే, ఆళ్ళు వాకిలి దాటంగనే తిడ్తడు. వీడు పొద్దటి సంది పరిచిండు, ఒక్కలు కొనలె. తిట్టలె. చెరువు లేదని ఆళ్ళే వీన్ని తిట్టిన్రు. నోట్లె మాట లేదంటడు మీ మామ. మాటలున్నయ్. చీరల మీద లేవు, రాళ్ళ మీదున్నయ్. నేనేం చేయాలె?”

“మరి శ్రావణం?” అన్నాను.

“శ్రావణంల దుకాణంల నేను కూసుంట. పెండ్లి గాకముందు మా నాయిన దుకాణంల చీరలు పరిచింది ఎవరనుకున్నవ్? ఆడోళ్ళ చీరలు ఆడది చూపెడ్తె ఏమైతది? మీ మామ పది దినాలు అలుగుతడు. అలగనీ.”

మల్లికార్జున్ తల్లి పాదాల మీద చెయ్యి పెట్టాడు. ఆమె ఆ చేతిని తోసేసి, ముందు ఉప్పునీళ్ళు పుక్కిలించు అంది. లేవడానికి మా ఇద్దరి భుజాలూ పట్టుకుంది.

తిరుగు దారిలో ఆమె నా భుజం మీద తల వాల్చి గురక పెట్టింది. భుజం నొప్పి పుట్టినా కదల్లేదు. వరంగల్ స్టేషన్ దగ్గర మెలకువ వచ్చి, సంచి సర్దుకుని, దిగబోతూ నా చెవి దగ్గర వంగింది. “నేను నిన్ను చూడలె, నువ్వు నన్ను చూడలె. పద్మకు చెప్పు, వచ్చే ఆదివారం రావద్దని.”

కాజీపేటలో రైలు ఎక్కేవాళ్ళను దింపేదాకా గైడు బస్సులోనే ఉండాలి. మల్లికార్జున్ తల్లిని రిక్షా ఎక్కించి వచ్చి, ఆమె ఖాళీ చేసిన సీట్లో, నా పక్కన కూర్చున్నాడు. ఎన్నో చెప్పాలనుకున్నాను. అతను నా అరచెయ్యి తెరిచి గోరింటాకును చూశాడు. చౌరస్తా రాకముందే, ఆ చెయ్యి పట్టుకునే నిద్రపోయాడు.

నేను దిగవలసిన సుబేదారి దీపాలు కనిపించాయి. అద్దంలోంచి ఎల్లస్వామి నా వైపు చూశాడు. నేను తల అడ్డంగా ఊపాను. అతను బ్రేకు మీంచి కాలు తీశాడు. బస్సు కాజీపేట వైపు సాగింది.