కవల లోహం

అంబులెన్సు గేటు దాటి మలుపు తిరిగింది. ఆ తరవాత అందరి చూపులూ ఒకేసారి మొదటి బల్ల దగ్గర నిలబడ్డ గొట్టాలక్క తమ్ముడి మీదికి తిరిగాయి.

"నేను చూస్తూనే ఉన్నాను. దీపం వెలగలేదు," అన్నాడు తమ్ముడు.

అది ప్రయోగశాలలకు గాజు సామాను చేసే కార్ఖానా. వెనక బట్టీ గదిలో గ్యాసు లీకైతే, ముందు హాల్లో గోడమీది దీపం వెలుగుతుంది. దాన్ని కనిపెట్టుకుని ఉండటం మొదటి బల్ల దగ్గర కూర్చున్నవాడి పని; అది వెలగ్గానే లేచి, పక్కనే ఉన్న వాల్వు కట్టెయ్యాలి. ఈ పొద్దున గ్యాసు లీకైంది. వాల్వు ఎవరూ కట్టలేదు. సంగతి తెలియని బట్టీ మామ లోపలికెళ్లి నిప్పు ముట్టించాడు. స్ట్రెచరు మీద ఎక్కించేటప్పుడు ఆయన చేతులకేసి చూడటానికి ఎవరికీ ధైర్యం చాలలేదు.

సూపర్‌వైజరు గోడ దగ్గరికి నడిచి పరీక్ష బటన్ నొక్కాడు. పైపుల మధ్య దీపం పసుపుపచ్చగా వెలిగింది.

"ఆ కళ్లద్దాలు తీసి చూడు. వెలుగుతోందా లేదా?"

తమ్ముడు పనికళ్లద్దాలు నుదుటి మీదికి తోసుకుని చూశాడు.

"వెలుగుతోంది బావా."

"మరి?"

"ఆ దీపానికి కూడా పొద్దున కునుకు పట్టి ఉంటుందిలే," అన్నాడు ప్యాకింగువాడు. ఎవరికీ నవ్వు రాలేదు.

మూడో బల్ల దగ్గర గొట్టాలక్క బర్నరు కట్టేసి, అక్కడే స్టూలు మీద కూలబడింది. మెలికలు తిరిగిన గాజు గొట్టాలు చెయ్యడంలో చెయ్యి తిరిగిన మనిషని అందరూ ఆమెను అలా పిలుస్తారు. తమ్ముడు ఆమె సొంత తమ్ముడు. సూపర్‌వైజరు ఆమె భర్త. ఈ ఇద్దరి మధ్య సర్దిచెప్పీ సర్దిచెప్పీ ఆమె ప్రాణం ఎప్పుడో విసిగిపోయింది. చిన్నప్పుడు వాడు పగలగొట్టిన గాజు సామానుకు నాన్న చేత తిట్లు తిన్నది ఆమే. పెద్దయ్యాక వాడు పనికి ఆలస్యంగా వచ్చినప్పుడల్లా అబద్ధాలు చెప్పిందీ ఆమే. ఇప్పుడు కూడా, వాడు నిద్రపోయే ఉంటాడని మనసులో అనేసుకుంది. అలా అనుకోవడానికి పెద్ద కష్టపడాల్సిన పని కూడా లేకపోయింది.

భర్త ఆమెను సామాన్ల గదిలోకి పిలిచాడు.

"ఫ్యాక్టరీల ఇన్‌స్పెక్టరు వస్తున్నాడు. వాడు తిన్నగా ఒప్పుకుంటే గొడవ ఇక్కడితో పోతుంది. కళ్లు మూతపడ్డాయని ఒక్కమాట చెబితే చాలు. నువ్వు చెబితే వింటాడు."

"మామకేమన్నా అయితే? వాణ్ణి జైల్లో వేస్తారు."

"వెయ్యరు. పొరపాటే కదా."

"మీకెలా తెలుసు వెయ్యరని?"

"నాకు మాత్రం బాధ లేదనుకున్నావా? ఈ ఉద్యోగం పోతే ఇల్లు ఖాళీ చెయ్యాలి, పిల్ల చదువు మధ్యలో ఆగిపోతుంది. వాడికి పెళ్లామా, పిల్లలా?" అని, ఆమె మొహం చూడకుండా గొంతు తగ్గించాడు. "వెళ్లు. ఒకసారి మాట్లాడు."

ఈయన ఉద్యోగం ఎందుకు పోతుంది? ఆ ప్రశ్న ఆమెకు తట్టింది కానీ, పట్టుకుని లాగే ఓపిక లేకపోయింది.

తమ్ముడు కుళాయి కింద తల పెట్టి నిలబడి ఉన్నాడు.

"పొద్దున్నించీ ఏమన్నా తిన్నావా?"

"ఏం చెప్పమని పంపించాడక్కా బావ?"

ఆమె చెప్పింది. వాడు కుళాయి కట్టి, చొక్కా అంచుతో మొహం తుడుచుకున్నాడు.

"నేను నిద్రపోలేదు. ఇంతకుముందు చాలాసార్లు పోయాను, నీకూ తెలుసు. ఇవాళ మాత్రం పోలేదు. కానీ అందరూ అంటుంటే, ఏమో, పోయానేమో అనిపిస్తోంది." చొక్కా అంచు పిండుకున్నాడు. "నువ్వు చెప్పమంటే చెప్తాలే. నీ నెత్తిన ఇంకో గోల ఎందుకు."

వాడు ఎదురు తిరిగి ఉంటే ఆమెకు తేలిగ్గా ఉండేది.

ఇన్‌స్పెక్టరు జేబురుమాలు ముక్కుకు అడ్డం పెట్టుకునే వచ్చాడు. జలుబు, పైగా నడివయసు, పైగా ఇలాంటి చోట్లన్నీ తిరిగి తిరిగి అరిగిపోయిన చెప్పులు. బట్టీ గది చూసి, హాల్లోకి వచ్చి, ఉన్న ఒక్క కుర్చీలో కూర్చున్నాడు.

"పొద్దున ఎవరు ఎక్కడుంటే అక్కడే ఉండండి. బర్నర్లు వెలిగించండి. మీ పని మీరు చేసుకోండి. దీపం సంగతి నేను చూస్తాను."

గొట్టాలక్క బర్నరు వెలిగించి గాజు గొట్టం మంటలో పెట్టింది. గాజు కాగేసరికి, అందులోని సోడియం వల్ల కళ్లు చెదిరేటంత పసుపు మంట లేచింది. అలవాటుగా ఊదా రంగు పనికళ్లద్దాలు కిందికి లాగింది. పసుపు మాయమైంది. కరుగుతున్న గాజు అంచు గీత గీసినట్టు తేటగా కనిపించింది. ఇన్నేళ్లుగా రోజూ చేసే పనే.

"ఇప్పుడు నొక్కండి," అన్నాడు ఇన్‌స్పెక్టరు, గోడ దగ్గర నిలబడ్డ సూపర్‌వైజరుతో.

ఆమె తలెత్తి గోడకేసి చూసింది. పైపులున్నాయి. పైపుల మధ్య మసిబారిన బొడిపె ఉంది. దాని నడుమ ఆరిపోతున్న బీడీ చివరలాంటి నలక ఒకటి.

"నొక్కారా?" అంది.

"వెలుగుతోంది కదమ్మా," అన్నాడు ఇన్‌స్పెక్టరు.

గాజు ఆమె చేతిలో వంగి, మంటలోంచి కిందికి కారింది.

ఆ ఊదా రంగు అద్దాల్లో ఏముందో నాన్న చెప్పేవాడు. ఆయన బల్లకు ఒకపక్క ఆమె, ఇంకోపక్క అప్పట్లో పని నేర్చుకోవడానికి వచ్చిన ఈ భర్త. అదొక లోహమమ్మా అనేవాడు. దాన్ని కనిపెట్టినవాడు ఇంకో లోహానికి జోడీ అనుకుని గ్రీకు భాషలో కవల అని పేరు పెట్టాడు, డిడిమియం అని. నలభై ఏళ్ల పైచిలుకు లోకమంతా అది ఒకటే లోహమనుకుంది. ఇంకొకాయన దాని లవణాలను కరిగించి, స్ఫటికం కట్టించి, మళ్లీ కరిగించి, విసుగన్నది లేకుండా అదే పని చేస్తూ పోతే చివరికి రెండుగా చీలింది. ఒకదాని లవణాలు ఆకుపచ్చ, రెండోదానివి ఊదా. అరుదైన లోహాలని పేరే కానీ, భూమిలో వీటికి కరువేం లేదు, ఒకదాన్నుంచి ఒకటి విడదీయడమే చావు. ఈ ఊదా రంగుదే నియోడిమియం. పసుపు వెలుగు దీని ఆహారం. ఎరుపును మాత్రం వదిలేస్తుంది. కాబట్టే మనకు మంటలో గాజు కనపడుతుంది.

తమ్ముడు నిద్రపోలేదు.

ఆ వెంటనే ఇంకో మాట గుర్తొచ్చింది. పొద్దున బటన్ నొక్కి భర్త ఏమన్నాడు? ఆ కళ్లద్దాలు తీసి చూడు.

తీసి చూడమని ఎందుకన్నాడు?

"సార్," అని తమ్ముడు గొంతు సవరించుకున్నాడు. "పొద్దున నేను... నాకు కొంచెం నిద్ర..."

"నువ్వాగరా," అంది గొట్టాలక్క. బర్నరు కట్టేసి, కళ్లద్దాలు తీసి ఇన్‌స్పెక్టరు చేతిలో పెట్టింది. "ఇవి పెట్టుకుని దీపం చూడండి సార్."

ఆయన పెట్టుకున్నాడు. తీశాడు. మళ్లీ పెట్టుకున్నాడు. జేబురుమాలు ఒళ్లో పడినా పట్టించుకోలేదు.

"ఇదేంటమ్మా ఇది?"

"పసుపును ఆపే అద్దాలు. బల్ల దగ్గర కూర్చున్నంతసేపూ మా కళ్లకు ఇవే ఉంటాయి."

"అయితే మీ హాల్లో అసలు పసుపు దీపమే ఉండకూడదు." ఆయన సూపర్‌వైజరు వైపు తిరిగాడు. "ఎప్పట్నుంచి ఉందిది?"

"మొదట్నుంచీ ఇదే సార్."

"మీరంతా ఏమంటారు?"

"ఆరి ఉన్నప్పుడు ఆ మసిలో ఏ రంగని చెప్తాం సార్?" అన్నాడు ప్యాకింగువాడు. "వెలిగితే కదా తెలిసేది. వెలిగేది గ్యాసు లీకైతేనే, అప్పుడు చెప్పడానికి మేం బతికుండాలి కదా."

ఆమె భర్తకేసి చూసింది. ఆయన బొటనవేలు ఇంకా బటన్ మీదే ఉంది. దీపం వెలుగుతూనే ఉంది. ఆయన కళ్లు మాత్రం నేలమీద ఉన్నాయి. రాత్రి డ్యూటీలు చేసి చేసి ఆ కళ్లకింద పడ్డ నలుపు ఆమెకు తెలుసు. ఆ చేతులు చెడ్డవి కావనీ తెలుసు. ఇదివరకటి ఎర్ర దీపం పాడైతే చేతికందిన పాత పసుపుది బిగించి ఉంటాడు, తరవాత మారుద్దామనుకుని మరిచిపోయి ఉంటాడు. అదంతా పొరపాటే. కానీ పొద్దున్నించీ జరిగింది పొరపాటు కాదు. నేరం తమ్ముడి మెడకు కట్టి, ఆ ముడి బిగించడానికి తననే పంపించాడు.

"అమ్మా, మీకు తెలుసా?" అన్నాడు ఇన్‌స్పెక్టరు.

"మొన్న ఆదివారం దాకా ఎర్ర దీపం ఉండేది సార్. దాని ఎర్ర మూత ఆ రోజు నుంచీ మా వంటింటి కిటికీలో ఉంది. గడ్డం గీసుకునే బ్రష్షు అందులోనే పెడతారు."

"వద్దక్కా," అన్నాడు తమ్ముడు చిన్నగా. "పోనీలే."

ఆమె వాడి వైపు చూడలేదు. సర్దిచెప్పడానికి ఇంక ఆమె దగ్గర ఏ మాటా మిగల్లేదు.

"మీ వంటింట్లోనా?" ఇన్‌స్పెక్టరు కుర్చీలోంచి లేచాడు. "దీపం మార్చిందెవరమ్మా?"

"మా ఆయన," అంది.