వాసెన ముడి

"ముడి నాది కాదంటే కాదు," అంది పున్నమ్మ. "నేను కడితే కొస ఎడమవైపుకొస్తుంది. ఇది చూడు, కుడివైపుంది."

"నువ్వే ఓసారి అటు కట్టుంటావు నానమ్మా."

"అంటే నాకు కుడీ ఎడమా తెలియదంటావా?"

కాఫీలప్పుడు మొదలైన గొడవ కూర పొయ్యెక్కే వేళకి కూడా తెమలలేదు. ఆవకాయ జాడీ కొట్టుగదిలోంచి వరండాలోకి వచ్చింది. దాని మూతికి కట్టే తెల్లగుడ్డ, వాసెన, పక్కన పడి ఉంది. లోపల నూనె మీద అక్కడక్కడా తెల్లటి బూజు.

ఆ ఇంట్లో పెద్ద జాడీ విప్పే అధికారం పున్నమ్మదొక్కదానిదే. తలంటుకుని, చేతులు పొడిగా తుడుచుకుని, ఎండలో పెట్టిన చెక్కగరిటెతో నెలకోసారి చిన్న జాడీలోకి తీస్తుంది. కోడలొచ్చి ఇరవై ఏళ్లు దాటినా లలిత ఆ గుడ్డ విప్పిన పాపాన పోలేదు.

"పై వాటా మెట్లు కొట్టుగది పక్కనుంచే కదా," అంది పున్నమ్మ. "ఎక్కేదీ దిగేదీ ఎవరు? ఆ నర్సమ్మ. ఆదివారం ఆవిడ చేపలు వండితే నా ముక్కుకి తెలియలేదనుకున్నారా? ఆ చెయ్యే పెట్టింది దీంట్లో."

"చేపల చెయ్యి పెడితే బూజు పట్టదు నానమ్మా, తడి చెయ్యి పెడితే పడుతుంది," అంది డిగ్రీ చదువుతున్న సాహితి.

"చేపలుండేది నీళ్లలోనే కదే!"

సాహితి నవ్వాపుకోలేక వంటింట్లోకి వెళ్లిపోయింది. పున్నమ్మ కొడుకు రామకృష్ణ మాత్రం ఫోన్‌లోంచి తలెత్తలేదు. గాంధీబొమ్మ దగ్గర అతనిది మామిడికాయల కమిషన్ కొట్టు. కాయ అయిపోవచ్చింది కాబట్టి ఈమధ్య కాస్త ఆలస్యంగా బయల్దేరుతున్నాడు.

"ఒరేయ్, నీతోనే. శాకాహారులకే ఇస్తామని బోర్డు పెట్టుకున్నాం. మనకి అబద్ధం చెప్పి దిగిన మనిషిని నెత్తిన పెట్టుకోవాలా? వెళ్లి ఖాళీ చెయ్యమని చెప్పు."

లలిత చేతిలో చాకు ఆగింది. పై వాటాలో ఉండే నర్సు జెరూషా అబద్ధం చెప్పలేదు. అద్దెకి అడగడానికొచ్చిన రోజే, గుమ్మంలో చెప్పులు విప్పకముందే, "మేం తింటామండీ. తర్వాత తెలిసి మీరు బాధపడకూడదు, ముందే చెప్తున్నా," అంది. గవర్నమెంటు ఉద్యోగం, నెమ్మదైన మనిషి అని లలితకి నచ్చింది. "అత్తయ్యకి తెలియకుండా చూసుకోండి, చాలు," అన్నది లలితే. పక్కన నిలబడి రామకృష్ణ తలూపాడు. ఆ తర్వాత ఆదివారాల్లో అత్తగారు కిటికీలు మూయమంటే, లలిత కూడా ముక్కుకి కొంగు అడ్డం పెట్టుకుని మూసేది.

"పదో తరగతి పిల్లుంది అత్తయ్యా ఆవిడకి. ఇప్పటికిప్పుడు ఎక్కడికెళ్తారు?"

"ఊళ్లో ఇళ్లే లేవా?"

"పక్కింటివాళ్లకి చెప్పానన్నారుగా, జాడీలో చెయ్యి పెట్టిందని. ఇంక ఈ వీధిలో ఎవరిస్తారు?"

"ఉన్నమాటేగా చెప్పాను," అంది పున్నమ్మ. "నువ్వు కూడా వెళ్లు వాడితో. వాడొక్కడే వెళ్తే గడువు ఇచ్చేసి వస్తాడు."

ఇద్దరూ వెళ్లారు. పైన మేడ మీద జెరూషా కూతురు పాఠం బిగ్గరగా చదువుతోంది. సగం మెట్లెక్కి రామకృష్ణ గోడ పట్టుకుని ఆగిపోయాడు.

"ఏవైందండీ?"

"ఆ ముడి నేను వేసిందే."

లలితకి అర్థం కాలేదు.

"తోటలకి వెళ్లే రోజు, అమ్మ లేవకముందు, చిన్న స్టీలు డబ్బాలో కాస్త పెట్టుకెళ్తుంటాను. మొన్న చెంచా కడిగి తుడవడం మర్చిపోయినట్టున్నాను."

"రెడ్డిగూడెం తోటకి ఆవకాయెందుకు?"

"రెడ్డిగూడెంలో కాదు. పని చూసుకుని మైలవరం దాకా వెళ్తాను. అక్కడో మెస్సుంది." గొంతు తగ్గించాడు. "మనూళ్లో అయితే ఎవరో ఒకరు చూస్తారు."

అతను బయట ఎక్కడో మాంసం తింటాడని లలితకి ఎప్పటినుంచో తెలుసు. చొక్కా జేబులో సోంపు గింజలు, వచ్చీ రాగానే స్నానం. ఆమె ఏనాడూ అడగలేదు, అతను చెప్పలేదు. కానీ ఆ తిండి పక్కన అత్తగారి ఆవకాయ ఉంటుందని మాత్రం ఊహించలేదు.

"ఓ పని చేద్దాం," అన్నాడు రామకృష్ణ. "ఆవిడ బతిమాలింది, దసరా దాకా గడువిచ్చామని చెబుదాం అమ్మకి. అప్పటికి అమ్మే మర్చిపోతుంది."

"అప్పటిదాకా దొంగచెయ్యి జెరూషాదే అవుతుంది."

"నేను చెప్తే అమ్మ తట్టుకుంటుందా?"

"ఆవిడ వచ్చిన రోజే నిజం చెప్పింది, మనమే నొక్కేశాం. ఇప్పుడు ఏ మొహం పెట్టుకుని ఖాళీ చెయ్యమంటారు?" లలిత గొంతు తనకే కొత్తగా వినిపించింది. "మీరు చెప్తారా, నన్ను చెప్పమంటారా?"

రామకృష్ణ వెనక్కి తిరిగి మెట్లు దిగాడు.

పున్నమ్మ జాడీ ముందు పీట మీద కూర్చుని ఉంది. "అప్పుడే చెప్పేశావా?"

"జాడీ విప్పింది నేనమ్మా. ఆవిడకేం సంబంధం లేదు." అంతా చెప్పేశాడు. మైలవరం అన్నాడు, మెస్సు అన్నాడు. మధ్యలో ఆగితే మళ్లీ చెప్పలేనన్నట్టు గబగబా చెప్పాడు.

"కోడిగుడ్డా?" అంది పున్నమ్మ.

"కోడి కూడా."

"ఎన్నాళ్లనుంచి?"

"కాలేజీ రోజుల్నించి."

పున్నమ్మ కళ్లు మూసుకుంది. లలిత దగ్గరికెళ్లి నేల మీద కూర్చుంది. "నాదీ ఒకటుంది అత్తయ్యా. జెరూషా తింటానని మొదటిరోజే చెప్పింది. మీకు చెప్పొద్దన్నది నేనే."

వంటింటి గుమ్మంలో సాహితి నిలబడి చూస్తోంది. పున్నమ్మ కళ్లు తెరిచి కొడుకు వంక చూసింది.

"సరే, తిన్నావు. దాంట్లోకి నా ఆవకాయెందుకురా?"

"వాళ్ల ఆవకాయ బాగోదమ్మా. ఆవపిండి చేదు."

సాహితి ఫక్కున నవ్వింది. నవ్వకూడదనుకుంటూనే లలిత కూడా నవ్వేసింది. పున్నమ్మ నవ్వలేదు. లేచి, జాడీ ఎవరినీ ముట్టుకోనివ్వకుండా తనే రెండు చేతులా పట్టుకుని లోపలికి మోసుకెళ్లి తలుపు వేసుకుంది.

మధ్యాహ్నం అన్నానికి రాలేదు. లలిత రెండుసార్లు పిలిచి ఊరుకుంది. బెంగగానే ఉంది కానీ, పొద్దుటినుంచీ గుండెలమీద ఉన్న బరువు మాత్రం లేదు. రామకృష్ణ కొట్టుకి పోకుండా వరండాలో పడుకుని, చాలా రోజుల తర్వాత గురకపెట్టి నిద్రపోయాడు. సాయంత్రం డ్యూటీకి దిగుతూ జెరూషా, "సార్‌కి ఒంట్లో బాలేదా అండీ?" అని అడిగింది. "ఇప్పుడు బాగానే ఉంది," అంది లలిత. ఈసారి ఆమె మొహంలోకి సూటిగా చూడగలిగింది.

రాత్రి భోజనాలకి పున్నమ్మ వచ్చి ఎప్పటి చోటే కూర్చుంది. పప్పు వడ్డించుకుని, కలుపుకుని, ఒక ముద్ద తిన్నాక, తల ఎత్తకుండానే అంది.

"పై వాటా వాళ్లు ఎక్కడికీ వెళ్లరు. బూజు పట్టని రెండో జాడీలోంచి ఒక గిన్నెడు తీశాను, రేపు ఆ నర్సు అమ్మాయికి నేనే ఇచ్చొస్తాను. ఆ శాకాహారం బోర్డు కూడా తీసెయ్యండి, మనకే సరిపోనిది ఎందుకు? పక్కింటికి కూడా వెళ్తాను. జాడీలో చెయ్యి పెట్టింది మావాడేనని చెప్పాలి."

రామకృష్ణ ముద్ద నోటి దగ్గర ఆగింది. "అమ్మా, పక్కింట్లో చెప్తే బజారంతా తెలుస్తుంది."

"తెలియనీ. ఆ నర్సు అమ్మాయి గురించి చెప్పినప్పుడు తెలియలేదూ?" పున్నమ్మ కంచంలో నెయ్యి వేసుకుంది. "నువ్వు తినేది నాకు నచ్చదు. నచ్చినట్టు నటించను కూడా. తోటకి వెళ్లే రోజు మాత్రం నన్ను లేపు. పొడి గరిటెతో నేనే తీసిస్తాను."