గొడుగుల బెంచీ

ఎర్సీలియా బొమ్మ ఆడుతోందంటే నేపుల్స్‌లో నేల బెంచీ వాళ్ళు గొడుగులు తెచ్చుకునేవారు. ఆవిడ తెరమీద ఏడిస్తే కింద తడుస్తుంది మరి. గుమ్మడి గింజలు వేయించి అమ్మే నున్సియాటా అయితే ఎన్నేళ్ళుగానో అదే బెంచీలో, అదే నల్ల గొడుగు కింద కూర్చుని, కరువుతీరా ఏడ్చి, పొడి బట్టలతో ఇంటికెళ్ళేది.

ఎర్సీలియా రోజూ పొద్దున్నే తన గౌన్లు తానే మూటగట్టుకుని కొండమీది అద్దాల స్టూడియోకి వెళ్ళేది. ఎండ ఉంటేనే అక్కడ పని. ఆ రోజు ఎండ బాగానే ఉంది గానీ యజమాని బార్బెల్లా మొహమే బాగాలేదు.

"దోన్నా ఎర్సీలియా, బెంచీలు కుళ్ళిపోతున్నాయని హాళ్ళవాళ్ళు నా ప్రాణం తోడేస్తున్నారు. పైగా మీకూ ముప్ఫై ఎనిమిదొచ్చాయి. ట్యూరిన్ నుంచి ఓ పిల్లని పిలిపించాను."

"మరి నేనేం చెయ్యాలి?"

"కిటికీ దగ్గర కూర్చుని బఠాణీలు వలవండి, నవ్వుతూ. ఒక్క చుక్క రాలిందా, ఇదే మీ ఆఖరి బొమ్మ."

నటన తప్ప ఆవిడకి వేరే బతుకు లేదు. లోపల కుమిలిపోతూనే నవ్వింది, వలిచింది.

మొదటి ఆటకి నున్సియాటా అలవాటు కొద్దీ గొడుగుతో వచ్చింది.

"ఇది పొడి బొమ్మ పిన్నీ, పోస్టర్ మీద వేశారుగా," అని పక్కవాళ్ళు ఆటపట్టించారు.

"వేసుకోనీ. ఆవిడ సంగతి నాకు తెలుసు."

సగం ఆటలో గోడ దీపం నుంచి పరదాకి మంట అంటుకుంది. జనం తలుపు మీద పడ్డారు. అది లోపలికి తెరుచుకునే తలుపు, ఆ తోపులాటలో కదల్లేదు. తన బొమ్మ తనే చూసుకుందామని వచ్చిన ఎర్సీలియా మూడో వరసలో ఇరుక్కుపోయింది.

తెరమీది ఎర్సీలియా తలెత్తి మంట వైపు చూసింది. బఠాణీల గిన్నె పక్కన పెట్టి ఏడుపు మొదలెట్టింది. అంతలా ఆవిడ ఏ బొమ్మలోనూ ఏడవలేదు. బెంచీలు తడిశాయి, పరదాలు తడిశాయి, నీళ్ళు మోకాళ్ళ దాకా వచ్చాయి. మంట చుయ్‌మని ఆరిపోయింది. ఒక్కరి ఒంటి మీద కూడా బొబ్బ లేచింది లేదు.

జనం ఎర్సీలియాని భుజాలకెత్తుకుని వీధిలోకి తెచ్చారు. ఆవిడ సంతోషంతో పొంగిపోయింది. బార్బెల్లా తడిసిన టోపీ పిండుకుంటూ వెనకాలే పరిగెత్తుకొచ్చాడు.

"ఒక్క చుక్క అన్నారు. నేను లెక్కపెట్టలేదు," అంది ఆవిడ పైనుంచి.

"రేపు రండమ్మా."

"ఎండ ఉంటే వస్తాను. ఆ ట్యూరిన్ పిల్లని కూడా ఉండమనండి, ఏడవడం నేర్పాలి."

ఆ తర్వాత పదకొండేళ్ళు పోస్టర్ల మీద ఎర్సీలియా పేరు అందరికన్నా పైనే పడింది. ఆ బొమ్మల్లో మొదటిదానికి నున్సియాటా వచ్చేసరికి, ఆవిడ ఎప్పుడూ కూర్చునే బెంచీలో బార్బెల్లా కూర్చుని కొత్త గొడుగు తెరవలేక తంటాలు పడుతున్నాడు.

"ఇలా ఇవ్వండి," అని ఆవిడే తెరిచి చేతికిచ్చింది.