ఎండలో మీటింగు

ఓర్వకల్లు దగ్గర బండల పాలిష్ సొసైటీలో పదిమంది ఆడోళ్లు ఎండలో నిలబడి బండలు కడుగుతారు. నెత్తిన నాలుగు రేకులు వేయించమని కృపమణి ఐదేండ్లుగా అడుగుతాంది. కమిటీ నెలనెలా ఫ్యాను కింద కూర్చుని, టీ తాగి, "ఆలోచిద్దాం" అని రాసుకుని లేస్తుంది. ఆ టీ ఇచ్చేదీ, కుర్చీలు వేసేదీ కృపమణే.

కమిటీకి ఒక పద్ధతి ఉండాది. కుర్చీలు యాడుంటే ఆడనే మీటింగు. ప్రెసిడెంటు నాగేశ్వరయ్య లేచేదాకా ఎవరూ లేవకూడదు. మాట తెగందే ఆయన లేవడు.

మే నెలలో కృపమణి కుర్చీలు తీసుకుపోయి బండలు కడిగేచోట వేసింది.

"ఏం కృపమణీ, ఈడ వేసినావే?" అన్నాడు నాగేశ్వరయ్య.

"గది కడిగినా సార్, ఇంకా ఆరలే."

కూర్చోగానే ఇనప కుర్చీ చురుక్కుమనింది. నాగేశ్వరయ్య ఎగిరిపడినాడు. లేచినాడని ఎవరన్నా అనుకుంటారేమోనని మళ్లా కూర్చున్నాడు. చుట్టూ ఆడోళ్లు నిలబడినారు, "ఆలోచిద్దాం" అంటే వదిలేటట్టు లేరు. సెక్రటరీ మురళి పోయిన నెల తీర్మానాలు చదవబోయినాడు.

"చదివింది చాలప్పా! రేకులు మంజూరు!"

"సార్, ముందు కొటేషన్లు..."

"మంజూరంటాండా గదప్పా!"

"చల్లనీళ్ల డ్రమ్ము?" అని ఆడోళ్లలో ఎవరో అరిచినారు.

"అదీ మంజూరే!"

ఆడోళ్లు కొంగులు నోట్లో కుక్కుకున్నా నవ్వు ఆగలేదు. కృపమణి మాత్రం నవ్వకుండా టీ అందించింది.

"వచ్చేనెల మీటింగు కూడా ఈడనే అని రాయించండి సార్."

"మంజూరు!" అంటానే నాగేశ్వరయ్య గదికేసి పరుగెత్తినాడు. ఫ్యాను కింద నిలబడినాక గానీ దేనికి ఒప్పుకున్నాడో ఆయనకు తెలిసిరాలేదు.

మర్నాడు పొద్దున్నే రేకుల లారీ వచ్చింది.