నానమ్మ వంటిల్లు

కూరలు ఊరేసిన తవుడు కుండలో మోచేతి దాకా చెయ్యి దూర్చి ఫుమియే అడుగు నుంచి పైకి కలియబెడుతోంది. నవంబరు చలికి తవుడు మంచుముద్దలా ఉంది. వేళ్ళకి ముందు ముల్లంగి తగిలింది, తరవాత దోసకాయలు. తవుడుని రోజూ ఇలా అడుగంటా కలపాలి, లేకపోతే బూజు పడుతుంది. ఈ పులిసిన వాసన ఎంత సబ్బు రుద్దినా చేతిని వదలదు. బస్సులో పక్కసీటు మనిషి ముక్కు ఎగబీలిస్తే చాలు, అది తన గురించేనని ఆమె అనుమానం.

"పులుపెక్కింది," అన్నారు వెనక నుంచి అత్తగారు కియో.

"ఇంకా బయటికే తియ్యలేదు కదత్తయ్యా. రుచి చూడకుండా ఎలా చెప్తారు?"

"ముక్కుందిగా."

కియోకి తొంభై దాటాయి. నడుము కొడవలిలా వంగిపోయింది కానీ చెంపలు మాత్రం ఇంకా గుండ్రంగా, పండిన పీచ్ పండులా ఎర్రగా ఉంటాయి. నవ్వితే కళ్ళు రెండూ ముడతల్లోకి మాయమవుతాయి. ఆ నవ్వు మీదే ఈ ఇల్లు నడుస్తోందని ఫుమియే కూతురు చినత్సు అంటుంది. హిరోషిమాలో చేసే ఉద్యోగం పోయి, ఆ వెనకే మొగుడితోనూ తెగిపోయి, రెండు సూట్‌కేసులతో పుట్టింటికి వచ్చిన చినత్సు, తమ ఊరు మత్సుయే చూడటానికి వచ్చే విదేశీయులకి ఇంటివంట నేర్పే క్లాసు పెట్టింది. దానికి 'నానమ్మ వంటిల్లు' అని పేరు పెట్టి, కియో బొమ్మ ఇంటర్నెట్‌లో ఎక్కించింది. ఆ బొమ్మలో కియో చేతిలో గరిటె ఉంది. ఆ గరిటెని ఆవిడ తలకిందులుగా పట్టుకున్నారన్న సంగతి ఫుమియే తప్ప ఇంకెవరూ గమనించలేదు.

"ఇవాళ బెల్జియం వాళ్ళమ్మా, మొగుడూ పెళ్ళాం," చినత్సు ఫోన్ చూసుకుంటూ వంటగదిలోకి వచ్చింది. "ఏం చేస్తున్నావు?"

"గుల్లల పులుసు, కాల్చిన చేప, గుమ్మడికాయ ఉడకబెట్టింది, ఊరగాయ."

"మళ్ళీ అన్నీ గోధుమరంగేనా? ఫోటోలో బురదలా పడుతుందే. పచ్చగా ఏదన్నా పెట్టు."

"గుమ్మడికాయ తొక్క పచ్చగానే ఉంటుంది."

"అమ్మా!"

ఫుమియే జవాబు చెప్పకుండా గుమ్మడికాయని పీట మీద పెట్టి కత్తి దించింది. కాయ రాయిలా ఉంది. కత్తి సగంలో ఇరుక్కుపోయింది. పైకీ రాదు, కిందికీ దిగదు. కుడిభుజం కలుక్కుమంది. స్కూలు పిల్లల భోజనాలు వండే కేంద్రంలో, రబ్బరు బూట్లు వేసుకుని, స్నానాల తొట్టంత గంగాళాల్లో తెడ్డు తిప్పీ తిప్పీ ఆ భుజం ఎప్పుడో పోయింది. ఊళ్ళో సగం మంది పిల్లలు ఆమె చేతి కూడు తిని పెద్దవాళ్ళయ్యారు. దార్లో ఎదురైతే ఒక్కరికీ ఆమె మొహం తెలీదు. ఆ రోజుల్లో ఆమె కళ్ళు తప్ప ఏమీ కనబడనివ్వని ముసుగూ టోపీ ఉండేవి.

అసలు ఈ ఇంట్లో ఆమెకి వంట నేర్పిన వాళ్ళే లేరు. పెళ్ళికి నెల ముందు ఇంటి పెద్దావిడ, అంటే కియో అత్తగారు, పోయారు. పొయ్యి చూసే మనిషి కావాలని హడావుడిగా కోడల్ని తెచ్చుకున్నారు. కియో తెల్లవారగానే టోపీ పెట్టుకుని బస్టాండుకి పోయేవారు. అక్కడ గాజు కిటికీ వెనక టిక్కెట్లు అమ్మడమే ఆవిడ పని. ఆవిడకి నీళ్ళు కాచడం తప్ప ఏదీ రాదు. అది కూడా ఒకసారి కాచి, మరిచిపోయి, కెటిల్ అడుగు మాడ్చారు. ఫుమియే కాలవ పక్క టోఫు కొట్టావిడని అడిగీ, పొరుగింటి కిటికీలోంచి వాసన పట్టీ, మాడ్చీ, పారబోసీ నేర్చుకుంది. రాత్రి భోజనాల దగ్గర అత్తగారు గిన్నె దించి, "బాగానే ఉంది గానీ..." అనేవారు. ఆ 'గానీ' తరవాత ఏమిటో ఈ నలభై ఏళ్ళలో ఎన్నడూ చెప్పలేదు. మొగుడు తెత్సురో మంచివాడే, కానీ తింటూ పేపరు చదివే మనిషి. తింటూనే చదువుతూనే ఒక చలికాలం జబ్బు చేసి పోయాడు. అప్పటినుంచి బల్ల దగ్గర మిగిలింది ఆ 'గానీ' ఒక్కటే.

ఆమె కత్తి వీపు మీద అరచేత్తో గట్టిగా గుద్దింది. కాయ రెండు చెక్కలైంది.

అతిథులు వానలో తడుస్తూ వచ్చారు. మొగుడు తాటిచెట్టంత మనిషి, లోపలికి వస్తూనే గుమ్మం పైకమ్మికి తల కొట్టుకున్నాడు. పెళ్ళాం పేరు లీస్‌బెత్, గలగలా మాట్లాడే మనిషి. బూట్లు విప్పుతూనే కియో వైపు చేతులు చాపింది. కియో నేల మీద మెత్తమీద కూర్చుని, వచ్చే జనం కోసమే పుట్టినట్టు నవ్వారు.

పాఠం మొదలైంది. ఫుమియే ఉప్పునీళ్ళలో ఇసుక కక్కుతున్న గుల్లల్ని చూపించింది, ఒకదానికొకటి రాసి కడగడం చూపించింది. ఈ ఊరి చెరువులో దొరికే చిన్న నల్లటి గుల్లలు అవి, గోరంత ఉంటాయి. లీస్‌బెత్ ఏదో అడిగింది.

"ఇంత చిన్నదాన్ని తింటారా, పారేస్తారా అంటోంది," అని చినత్సు చెప్పింది.

"తినమను."

చినత్సు ఏదో చాలాసేపు చెప్పింది. రెండు ముక్కల్లో పోయేదానికి అంత ప్రసంగం దేనికో ఫుమియేకి ఎప్పుడూ అర్థం కాదు. మధ్యలో 'గ్రాండ్‌మా' అన్న మాట మాత్రం తెలిసింది. అది తెలియనంత మొద్దు కాదామె. ఆ మాట వచ్చినప్పుడల్లా అతిథులు వెనక్కి తిరిగి కియోని చూసేవారు. కియో తల ఊపేవారు.

గుమ్మడి ముక్కలు తొక్క కిందికి వచ్చేలా గిన్నెలో పేర్చి, ఎండుచేప రసం పోసి, పంచదార, సోయా సాస్ వేసి, గిన్నె నోటికన్నా చిన్న మూత నేరుగా ముక్కల మీదే వాల్చింది. మూత కింద రసం గుడగుడమంటోంది. పొడుగాయన పీలికలుగా ముల్లంగి తరుగుతున్నాడు. చేప నూనె కారుతూ కాలుతోంది. అంతా సవ్యంగానే సాగుతోంది. లీస్‌బెత్ ఒక ముక్క నోట్లో వేసుకుని, కళ్ళు మూసుకుని, లేచి వెళ్ళి కియో ముందు మోకాళ్ళ మీద కూర్చుంది.

"ఈ రుచి మీకు ఎవరు నేర్పారు అని అడుగుతోంది నానమ్మా," అంది చినత్సు.

"మా అత్తగారే," అన్నారు కియో తడుముకోకుండా. "చెవి మెలేసి నేర్పింది. ఉప్పెక్కువైతే గరిటెతో వేళ్ళమీద ఒక్కటిచ్చేది. మా కోడలికి నేను అలా కాదు. ప్రేమగా చెప్పా."

ఫుమియే చేతిలో పులుసు గరిటె ఆగిపోయింది. ఎన్నో ఏళ్ళ మాట గొంతులోకి ఒక్కసారే వచ్చింది.

"అబద్ధం," అంది. గొంతు పెంచలేదు. "చినత్సూ, చెప్పు వాళ్ళకి. ఈవిడకి వంట రాదు. ఏనాడూ రాదు. ఈ గుమ్మడికాయ నాది, పులుసు నాది, ఆ ఊరగాయా నాదే. ఈవిడ నేర్పింది ఏవన్నా ఉంటే, టిక్కెట్టు చింపడం."

అతిథులు చినత్సు వైపు చూశారు. చినత్సు తల్లి వైపు చూసింది, నానమ్మ వైపు చూసింది, తరవాత అతిథుల వైపు తిరిగి, చేతులు గుండెల మీద పెట్టుకుని, మెత్తగా ఏదో చెప్పింది.

లీస్‌బెత్ కళ్ళు చెమ్మగిల్లాయి. ఆమె కియోకి వంగి నమస్కరించింది. తరవాత ఫుమియే దగ్గరికి వచ్చి ఆమె తడిచెయ్యి రెండు చేతుల్లోకి తీసుకుని, అలాగే తన ఫోన్ ఆ చేతిలో పెట్టింది.

"ఏమంటోంది?"

"నానమ్మతో ఫోటో తియ్యమంటోందమ్మా నిన్ను."

ఫుమియే చెయ్యి గుడ్డకి తుడుచుకుని ఫోటో తీసింది.

వాళ్ళు వెళ్ళాక వాన పెరిగింది. బల్ల మీద ఎంగిలి గిన్నెలు. పొడుగాయన ఒక్క గుల్లా తినలేదు, అన్నీ అంచున వరసగా పేర్చి పోయాడు.

"నేను చెప్పిందేంటి, నువ్వు చెప్పిందేంటి?" అంది ఫుమియే.

చినత్సు కళ్ళెత్తలేదు. "మా అమ్మ నేర్చుకున్నదంతా మా నానమ్మ చలవే అంటోందని చెప్పా."

"ఎందుకలా చెప్పావ్?"

"నువ్వన్నదే చెప్తే వాళ్ళకి ముద్ద దిగేదా? జనం నానమ్మ మొహం చూసి వస్తారమ్మా. నీ మొహం చూసి ఎవడొస్తాడు?" అనేసి, నాలిక్కరుచుకుని, చినత్సు చెత్తసంచి పట్టుకుని గబగబా బయటికి పోయింది.

మెత్త మీద నుంచి కియో దగ్గారు. "నేను వండలేదని నాకు తెలీదనుకున్నావా ఏమే?"

ఫుమియే గిన్నెలు ఎత్తుతూనే ఉంది.

"ఆ గాజు కిటికీ వెనక నా జీవితమంతా కూర్చున్నా. ఊరు ఊరంతా నా ముందునుంచే పోయింది. ఒక్కడన్నా తలెత్తి చూశాడా? కన్నంలోంచి చెయ్యి పెట్టేవాళ్ళు, చెయ్యి తీసుకునేవాళ్ళు. ఇప్పుడు ఎక్కడెక్కడినుంచో వచ్చి దణ్ణాలు పెడుతుంటే, వద్దనమంటావా?"

"ఆ దణ్ణం నాది."

"పెట్టించుకో. నేను పట్టుకున్నానా నిన్ను?" కియో వంటగది వైపు మెడ చాపారు. "ఆ గుమ్మడికాయ ముక్క ఇంకోటుందా? తీపెక్కువైంది గానీ..."

"లేదు," అంది ఫుమియే. "అయిపోయింది."

కియో ఆమెని కాసేపు చూశారు. తరవాత గోడ పట్టుకుని లేచి, ఒక్కో అడుగే వేసుకుంటూ సింకు దాకా వచ్చి, నోట్లోంచి పళ్ళ సెట్టు తీసి కప్పులో వేసి, నీళ్ళు పట్టారు.

"అయితే ఇవాల్టికి నా పనైనట్టే," అన్నారు బోసినోటితో, మాట సగం గాలిలో పోతూ. అద్దాల తలుపు దగ్గరికి వెళ్ళి, దుప్పటి లాక్కుని, వానవైపు తిరిగి పడుకున్నారు.

ఫుమియే ఎంగిలి గిన్నెలన్నీ కడిగింది. చేప పెనం రుద్దింది. చివర్న గుమ్మడికాయ గిన్నెలో చిన్నమూత ఎత్తితే అడుగున రెండు గుమ్మడి ముక్కలు. నిలబడే ఒకటి తిన్నది. చల్లారినా తొక్క దగ్గర ఇంకా వెచ్చగా ఉంది. తీపి సరిగ్గానే ఉంది. ఎక్కడా ఎక్కువ కాలేదు. ఈ సంగతి ఇప్పుడే, ఈ పూటే, ఎదురుగా నిలబడి చెప్పాలనిపించింది. రెండో ముక్క పళ్ళెంలో పెట్టుకుని వెళ్ళింది.

"లేవండి. ఇదిగో ఉంది. తిని చెప్పండి, ఎక్కడ ఎక్కువైందో."

కియో లేవలేదు. ఫుమియే ఆవిడ భుజం మీద చెయ్యి వేసింది, దుప్పటి సర్దింది, మళ్ళీ పిలిచింది. వంగి మొహం దగ్గర మొహం పెట్టింది. వాన చప్పుడే తప్ప ఇంకేమీ లేదు. ఆవిడ చెయ్యి ఇంకా వెచ్చగానే ఉంది, ఆ గుమ్మడికాయలాగే.

వీధి చివరి డాక్టరు వచ్చి, మోకాళ్ళమీద కూర్చుని చూసి, నిద్రలోనే జరిగిందని చెప్పి, గొడుగు వేసుకుని వెళ్ళాడు. చినత్సు వెక్కి వెక్కి ఏడ్చింది. ఫుమియేకి ఏడుపు రాలేదు. పోట్లాట మధ్యలో అవతలి మనిషి లేచిపోతే వచ్చే కోపం వచ్చింది. ఎవరి మీద చూపించాలో తెలియక, పళ్ళెం పట్టుకుని అలాగే నిలబడింది.

చీకటి పడుతుండగా చినత్సు ఫోన్ మోగింది. లీస్‌బెత్ ఫోటో పంపింది. శవం దగ్గర పెట్టడానికి మంచి ఫోటో ఒకటి కావాలి కదా అని అప్పటిదాకా వెతుకుతూనే ఉంది చినత్సు.

"ఇదే పెడదామమ్మా. చూడు. నానమ్మ ఇంత బాగా ఎప్పుడూ పడలేదు. ఎవరు తీశారో..." అని ఆగిపోయింది.

ఫుమియే ఫోన్ తీసుకుని చూసింది. కియో కళ్ళు మూతలు పడేలా, పళ్ళన్నీ కనబడేలా నవ్వుతున్నారు. ఫోటో తీసే వాళ్ళ వైపే చూస్తున్నారు.

"పెట్టు," అని ఫోన్ తిరిగి ఇచ్చేసింది.

వచ్చేవాళ్ళకి టీ పెట్టాలి. ఫుమియే వంటగదిలోకి వెళ్ళి దీపం వేసి కెటిల్ పట్టింది. కొళాయి తిప్పగానే సింకు సన్నగా అదిరింది. గట్టు మీద కప్పులో నీళ్ళు కదిలాయి, ఆ నీళ్ళలో పళ్ళు.