నవ్వులకు పోయిన రాగం

శవం ముందు పాడే రాగాన్ని తీసుకెళ్ళి నవ్వులకు ఇచ్చేసినవాణ్ణి ఏమనాలి? హేమనాథ్‌ను మాత్రం ఎవరూ ఏమీ అనలేదు. పైగా మెచ్చుకున్నారు.

వేలూరులో ఒక చిన్న గదిలో కీబోర్డు పెట్టుకుని, అరవ టీవీ హాస్య సీరియళ్ళకు సంగీతం కట్టేవాడతను. పిసినారి మామగారు కాలుజారి పడినప్పుడల్లా మోగడానికి ఒక ముక్క కావాలి, సాయంత్రానికల్లా పంపమన్నారు. ఎంతకీ ఏమీ తట్టలేదు. అప్పుడు అమ్మ పుట్టింటి శోకం గుర్తొచ్చింది. ఒడుగత్తూరు దగ్గర ఆ సేద్యగాళ్ళ ఇంట్లో ఎవరు పోయినా ఆడవాళ్ళు ఒకే రాగంలో ఏడుస్తారు. అది ముత్తవ్వల నాటిది. దాన్ని నాలుగింతలు వేగం చేసి క్లారినెట్ మీద ఎగిరించాడు. భలేగా అతికింది. ఇల్లు కాలి ఒకడేడుస్తుంటే చుట్టకు నిప్పడిగాడట ఇంకొకడు. ఆ ఇంకొకడు మన హేమనాథే.

సీరియల్ ఊపందుకుంది. సొంతూరు గుడియాత్తంలో షేర్ ఆటోల్లో అదే రింగ్‌టోను. బీడీలు చుట్టే ఆడవాళ్ళలో ఎవరికి కాలు తడబడినా పక్కవాళ్ళ నోట అదే కూత. అమ్మ లక్ష్మీకాంతమ్మ లుంగీల అంగట్లో కూర్చుని, కొడుకు పాట అని మురిసిపోయేది. ఆ వేగంలో తన పుట్టింటి ఏడుపును పోల్చుకోలేదు.

తర్వాత ఆమెకు కాలేయం చెడింది. వేలూరు ఆసుపత్రిలో మంచం మీద కొడుకు చెయ్యి పట్టుకుని ఒక్కటే అడిగింది.

"నేను పోతే మా ఇంటి శోకం మీ పిన్నమ్మ చేత పాడించు నాయనా. అది పాడితేనే మా అమ్మకాడికి దోవ తెలుస్తాది నాకు."

హేమనాథ్ బయటికొచ్చి చానెల్‌కు ఫోన్ చేసి, ఆ ముక్క మార్చేస్తానని బతిమాలాడు. జనానికి అలవాటైపోయింది, మార్చేది లేదన్నారు. మార్చినా చేతులు కాలాక ఆకులు పట్టుకున్నట్టే గదా.

నాలుగో రోజు ఆమె పోయింది. గుడియాత్తం ఇంటిముందు పడుకోబెట్టారు. చెల్లెలు గోవిందమ్మ ఒడుగత్తూరు నుంచి వచ్చింది. ఇంట్లో టీవీ కూడా లేని మనిషి. అక్క తలకాడ కూర్చుని శోకం ఎత్తుకుంది. నెమ్మదిగా పాడితే ఎవరూ పోల్చుకోరులే అనుకున్నాడు హేమనాథ్, పాపం. అంతలో ఒక పిల్ల కిసుక్కుమంది. తల్లి దాని నోరు మూసింది గానీ, ఆమె భుజాలే ఊగుతున్నాయి. ఇక వరసగా కొంగులు నోళ్ళకు అడ్డంపడ్డాయి. నవ్వాలని ఎవరికీ లేదు, ఆపుకోలేకపోయారు. అదే అన్నిటికన్నా ఘోరం.

గోవిందమ్మ ఆగింది. తనలోనే ఏదో తప్పుందనుకుని పైట సరిచేసుకుంది, జుట్టు తడుముకుంది. తర్వాత అక్క కొడుకును అడిగింది.

"ఏమిటికి నగతారు నాయనా?"

ఆమె కాళ్ళ దగ్గర కూర్చుని హేమనాథ్ దాచకుండా అంతా చెప్పాడు. ఆమె తిట్టలేదు. తిట్టినా బాగుండేది. మళ్ళీ పాడడానికి నోరు తెరిచింది, గొంతు రాలేదు. లక్ష్మీకాంతమ్మను పాట లేకుండానే ఎత్తారు.

కర్మాంతరం అయ్యాక గోవిందమ్మ అతన్ని పక్కకు పిలిచింది.

"రాగాలు కట్టేవాడివి గదప్పా నువ్వు. నాకొకటి కట్టియ్యి. రేపు నేను పోతే నా బిడ్డ కార్తీక పాడల్ల గదా."

నెల రోజులు కూర్చున్నాడు. కట్టినవన్నీ వినడానికి బాగానే ఉన్నాయి, ఒక్కదాంట్లోనూ ఏడుపు లేదు. అమ్మ తలపుకొచ్చి నిజంగా ఏడుపొచ్చినప్పుడల్లా నోట్లోకి ఆ పాత రాగమే వచ్చింది. దాని వెనకే పిసినారి మామగారు కాలుజారి పడ్డాడు.

చివరికి వట్టి చేతులతో ఒడుగత్తూరు పోయి, చేతకాలేదు పిన్నమ్మా అని చెప్పాడు. గోవిందమ్మ వేరుశనక్కాయలు వలుస్తూ ఉంది. చేతులు ఆపలేదు.

"సరేలే నాయనా. నన్ను గూడా పాట లేకుండానే ఎత్తుకోని పోండి" అని, అన్నం తిని పొమ్మంది.